మా మేనత్త పెట్టిన పేరు ఐరిస్

పోయిన నెల ఒక సోమవారం పొద్దున, కోదాడలో మా బడి ప్రార్థన అయిపోయి పిల్లలు వరసలు విడిచి తరగతుల్లోకి పోతుండగా మా తమ్ముడు ఫోన్ చేశాడు. "అక్కా, అత్తమ్మ పోయింది" అన్నాడు. ఫోన్ పెట్టేశాడు. నేను హాజరు పట్టీ ఒళ్లో పెట్టుకుని మెట్ల మీద కూర్చుండిపోయాను. కాసేపటికి వాడే మళ్లీ ఫోన్ చేశాడు. పొద్దున్నే లేచి చాయ్ తాగిందట. గ్లాసు కడిగి బోర్లించిందట. జర నడుం వాలుస్తానని మంచమెక్కి, ఇక లేవలేదట.

ఆమె మా నాన్నకు అక్క, నాకు మేనత్త. మీలో ఎక్కువమంది ఆమెను ఎరగరు. కానీ ఎప్పుడైనా మిర్యాలగూడలో కళ్లు చూపించుకుని ఉంటే, లేదా మీ అమ్మనో నాన్ననో శుక్లాల ఆపరేషన్‌కు అక్కడికి తీసుకుపోయి ఉంటే, చూసే ఉంటారు. నీలం చీర కట్టుకుని, చేతిలో చుక్కల మందు సీసా పట్టుకుని, మీ గడ్డం కింద రెండు వేళ్లు ఆనించి, "పైకి సూడు. భయపడకు, సల్లగుంటది" అన్న పొట్టి మనిషి ఆమే.

మాది మాడుగులపల్లి దగ్గర పల్లె. గొర్రెలు కాసుకునే కుటుంబం. మా మేనత్తను హాలియా పక్కన ఊరికి ఇచ్చారు. పిల్లలు కలగలేదు. కొన్నేళ్లు చూసి ఆయన ఇంకొకామెను తెచ్చుకున్నాడు. మా మేనత్త గొడవ పెట్టలేదు. ఒక సంచిలో రెండు చీరలు పెట్టుకుని బస్సెక్కింది. అయితే పుట్టింటికి రాలేదు. అంతకు ముందు ఏడాది మా నానమ్మకు కన్ను ఆపరేషన్ చేయించడానికి తోడు పోయినప్పుడు, ఆ దవాఖానలో వరండాలు తుడిచే మనిషి లేక కాంపౌండరే తుడవడం చూసింది. నేరుగా మిర్యాలగూడలో దిగి అక్కడికి పోయి, "ఊడ్సెటోళ్లు గావాల్నా?" అని అడిగింది. కావాలన్నారు. ఆ సాయంత్రం చీపురు పట్టిన మనిషి, ఒంట్లో ఓపిక ఉన్నన్నాళ్లూ అక్కడే పనిచేసింది.

మా ఇంటి ఆడవాళ్లలో అక్షరాలు మొదట నేర్చింది ఆమే. బడికి పోయి కాదు, కంటి పరీక్ష గది తుడుస్తూ. చదువు వచ్చిన రోగులు గోడమీది అట్ట చూసి పైనుంచి కిందికి ఒక్కో అక్షరం చెబుతుంటే, ఆమె తడిగుడ్డ పట్టుకుని మూలన నిలబడి వినేది. అందుకే ఆమెకు అక్షరాలు అందరికీ వచ్చే వరసలో రాలేదు. ఆ అట్ట మీద ఉన్న వరసలో వచ్చాయి. అట్ట మీద లేని అక్షరాలను తర్వాత బస్సు బోర్డుల మీద వెతుక్కుంది. మా పల్లె పేరును తాను మొదటిసారి చదివిన రోజున బస్సు ఎక్కడం మరచిపోయి చూస్తూ నిలబడ్డానని నవ్వుతూ చెప్పేది.

చీపురు నుంచి చుక్కల సీసా దాకా ఎదగడానికి ఆమెకు కొన్నేళ్లు పట్టింది. మిర్యాలగూడ అంటే బియ్యం మిల్లులు. మిల్లు కూలీలు, ముఖ్యంగా ఆడవాళ్లు, కంట్లో ఊక పడి కన్ను ఎర్రగా చేసుకుని పరుగెత్తుకొచ్చేవాళ్లు. డాక్టరు వచ్చేలోపు వాళ్ల చేతులు పట్టుకుని కూర్చోవడం మా మేనత్త పని. "నలిపినవా? నిజం జెప్పు, నలిపినవా? కన్నును నలిపితే ఊక లోపటికి పోతదని ఎన్నిసార్లు జెప్పాలెనే నీకు!" అని తిడుతూనే తన చెంగుతో వాళ్ల చెంపలు తుడిచేది. తిట్టించుకున్న వాళ్లే మరునాడు వచ్చి, ఎదురుగా కూర్చుని ఆమె డబ్బాలోని అన్నం పంచుకు తినేవాళ్లు.

ఆ పరీక్ష గదిలోనే ఇంకో గోడకు కంటి బొమ్మ ఒకటి ఉండేది. మామిడికాయను నిలువునా కోసినట్టు కోసి చూపించిన పెద్ద రంగుల బొమ్మ. నేను పుట్టడానికి కొన్ని నెలల ముందు, ఆ బొమ్మ మీద దుమ్ము దులుపుతూ మా మేనత్త అక్కడున్న కుర్ర డాక్టరును అడిగిందట.

"నడుమ గీ రంగుది ఏంది సారూ?"

"ఐరిస్ అంటారమ్మా. మనం నల్లగుడ్డు అంటాం గదా, అది."

"దానికేం పని?"

"ఎండలో ఉంటే కంటి నడిమి సందును చిన్నగ చేస్తది. చీకట్లో పెద్దగ చేస్తది. కంటికి ఎంత వెలుగు కావాలో అంతే లోపలికి రానిస్తది."

"ఎంత గావాల్నో అంతేనా?"

"అంతే."

ఆ జవాబు ఆమెకు ఎంతగా నచ్చిందంటే, ఆ రోజంతా అదే మాట అందరికీ చెప్పిందట. తర్వాత నేను పుట్టాను. ఇరవై ఒకటో రోజున నన్ను తొట్టెలో వేశారు. చెవిలో పేరు పిలిచే హక్కు మేనత్తది. మా నానమ్మ ఎల్లమ్మ పేరు అనుకుని ఉంది. మా నాన్న ఏదీ అనుకోలేదు. మా మేనత్త తొట్టె మీదికి వంగి, నా చెవిలో మూడుసార్లు "ఐరిస్, ఐరిస్, ఐరిస్" అన్నది.

"ఏమంటివే?" అని అడిగింది నానమ్మ.

"ఐరిస్."

"రైసా? గదేం పేరే, బియ్యం మిల్లు లెక్క!"

"కంటి నడుమ ఉండేది అమ్మా. నీ కంట్ల ఉన్నది, నా కంట్ల ఉన్నది. ఊరందరి కండ్లల్ల ఉన్నదాని పేరు ఊర్ల ఒక్కలకన్న పెట్టిన్రా?"

నానమ్మ ఇక ఎల్లమ్మ మాట ఎత్తలేదు. కానీ చనిపోయే దాకా నన్ను ఐరీసు అనే పిలిచింది. మా నాన్న ఐరిసు అనేవాడు. వాడకట్టులో ఎవరి నోరు ఎటు తిరిగితే అట్లా పిలిచేవాళ్లు.

ఆదివారం సెలవు దొరికితే మా మేనత్త ఊరికి వచ్చేది. వచ్చీ రాగానే మా ముఖాలు ఎండవైపు తిప్పి, బొటనవేలితో కింది రెప్ప లాగి చూసేది. పాలిపోయి ఉంటే, "పిల్లకు రగతం లేదు, తోటకూర పెట్టున్రి" అని మా అమ్మకు చెప్పేది. ఎవరైనా నల్లకళ్లు అంటే ఒప్పుకునేది కాదు. "నల్లకండ్లు అనేటియి లేనే లేవు బిడ్డా. ఎండకు దగ్గరగ పోయి సూడు. అన్నీ తేనెలే. కొన్ని ముదురు తేనె, కొన్ని లేత తేనె." చిన్నప్పుడు మేం పిల్లలమంతా ఎండలో నిలబడి ఒకరి కళ్లలోకి ఒకరం చూసుకుంటూ ఎవరిది ఏ తేనెనో తేల్చుకునే వాళ్లం. ఇప్పుడు జీవశాస్త్రం టీచరుగా కంటి పాఠం చెప్పేటప్పుడు నేను పిల్లల్ని ముందు ఎండలోకే తీసుకుపోతాను.

బడిలో మాత్రం ఆ పేరు నాకు మోయలేని బరువైంది. ఆరో తరగతిలో నేను 'రైస్ మిల్లు'ను. ఏడో తరగతిలో కూడా. తొమ్మిదిలో ఉండగా కులం సర్టిఫికెట్ కోసం నాన్న నన్ను ఆఫీసుకు తీసుకుపోయాడు. అక్కడి గుమాస్తా దరఖాస్తు చూసి, "గొర్లు కాసేటోళ్ల పిల్లకు గీ పేరేంది? మతం మారిన్రా?" అని అడిగాడు. నాన్న లేదన్నాడు. రేపు రమ్మన్నాడు గుమాస్తా. ఆ రేపు ఎన్నిసార్లు వచ్చిందో! మూడోసారి తిరిగి వస్తుంటే బస్సులో నాన్న మొహం చూసి నేను మనసులో ఒక నిర్ణయానికి వచ్చాను.

పదో తరగతి పరీక్షలకు పేర్లు పంపేటప్పుడు, ఎవరూ లేని సమయం చూసి హెడ్మాస్టరు గదిలోకి పోయాను. "సార్, నా పేరు మార్చండి" అన్నాను. ఆయన మంచివాడు. కాసేపు ఆలోచించి, "శిరీష అని రాద్దామా? పలికితే నీ పేరుకు దగ్గరగనే ఉంటది. మంచి పువ్వు పేరు" అన్నాడు. నాన్నను పిలిపించి సంతకం పెట్టించాడు. ఈసారి సర్టిఫికెట్ వారంలో వచ్చింది. రైస్ మిల్లు మూతబడింది. నాకు ఎంత తేలికగా అనిపించిందో ఇప్పుడు చెప్పుకోవడానికి సిగ్గుగా ఉంది.

మా మేనత్తకు ఈ సంగతి ఎవరూ చెప్పలేదు. పరీక్షలకు రెండు రోజుల ముందు ఆమె ఊరికి వచ్చింది. దవాఖాన పక్కన కళ్లద్దాల దుకాణంలో బోర్డులు రాసే ఆయనతో నాకు పరీక్షలు రాసుకునే అట్ట ఒకటి తయారు చేయించి తెచ్చింది. దాని మీద నా పేరు కంటి పరీక్ష అట్టలాగా రాసి ఉంది. పైన పెద్దగా ఐ, దాని కింద చిన్నగా రి, ఆ కింద ఇంకా చిన్నగా స్. "కింది దాకా సదివినవంటే నీ కండ్లు మంచిగున్నట్టే" అని నవ్వింది. నా హాల్ టికెట్ బల్ల మీద ఉంది. ఆమె దాన్ని చేతిలోకి తీసుకుంది.

"ఇదెవ్వలది బిడ్డా?"

"నాదే అత్తమ్మా."

"శి... రీ... ష." మూడక్షరాలూ విడివిడిగా చదివింది. మళ్లీ చదివింది. "ఫోటో నీదే ఉన్నది గదా?"

"పేరు మార్చిన్రు అత్తమ్మా. సర్టిఫికెట్ల కాడ పరేషాన్ అయితుందని."

"ఎవలు మార్చిన్రు?"

"సారు" అన్నాను.

ఆమె హాల్ టికెట్‌ను ఎక్కడిదక్కడ పెట్టింది. తర్వాత, "శిరీష అంటే ఏంది?" అని అడిగింది.

"పువ్వు."

"పువ్వా? మంచిదే." అంతే అన్నది. చాయ్ తాగి సాయంత్రం బస్సుకు పోయింది. నేను ఆ అట్ట మీదే పరీక్షలు రాశాను. పేరు కనబడకుండా పైన తెల్లకాగితం అంటించి రాశాను.

డిగ్రీకి సూర్యాపేటలో చేరాను. అక్కడ మాకు ఇంగ్లీషు చెప్పే మేడం మొదటిరోజు అందరినీ పేరు చెప్పమని, దాని అర్థం చెప్పమని అడిగింది. నేను శిరీష అన్నాను, పువ్వు అన్నాను. "ఇంట్లో కూడా ఇదే పేరా?" అని ఎందుకో నన్ను ఒక్కదాన్నే అడిగింది. అబద్ధం చెప్పబుద్ధి కాలేదు. మెల్లగా "ఐరిస్" అన్నాను. వెనక ఎవరో కిసుక్కుమన్నారు. మేడం నవ్వలేదు.

"అదీ పువ్వు పేరే, తెలుసా నీకు?" అన్నది.

తెలియదన్నాను. అప్పుడామె క్లాసంతటికీ చెప్పింది. ఐరిస్ గ్రీకు మాట. మొదట దానర్థం ఇంద్రధనుస్సు. వాళ్ల పాత కథల్లో ఆ పేరుతో ఒక దేవత ఉంది. పైలోకపు మాటను కింది లోకానికి మోసుకొచ్చేది ఆమె. ఇంద్రధనుస్సు ఆమె నడిచే దారి. నీలం, ఊదా, పసుపు, ఇలా ఎన్నో రంగుల్లో పూసే ఒక చలిదేశపు పువ్వుకు ఆ పేరే పెట్టారు. మనుషుల కళ్లు కూడా రకరకాల రంగుల్లో ఉంటాయి కనుక కంట్లోని ఆ వలయానికీ అదే పేరు పెట్టారు. "మీ ఇంట్లో ఎవరు పెట్టారో గానీ, చాలా చదువుకున్న వాళ్లయి ఉంటారు" అన్నది మేడం.

ఆ శనివారమే సూర్యాపేట నుంచి మిర్యాలగూడ బస్సెక్కాను. మా మేనత్త వరండాలో ఉంది. బెంచీ మీద చుక్కలు వేయించుకుని కళ్లు మూసుకున్న ముసలివాళ్లు వరసగా కూర్చున్నారు. నేను గబగబా అంతా చెప్పేశాను. ఇంద్రధనుస్సు అంటే ఆమెకు అర్థం కాలేదు.

"సింగిడి అత్తమ్మా."

"సింగిడా!" ఆమె సీసా మూత పెట్టింది. "గ్రీకంటే ఏడ?"

"దేశం. చాలా దూరం."

"గాడ గూడ కండ్ల దవాఖాన ఉంటదా?"

"ఎందుకుండదు?"

"అయితే మంచోళ్లే." వేళ్లు మడిచి లెక్కపెట్టింది. "కన్ను, సింగిడి, దేవత, పువ్వు. నేను ఒక్కటే అనుకుని పెడితి. నాలుగొచ్చినయ్ సూడు!" కళ్లు మూసుకుని కూర్చున్న వాళ్లవైపు తిరిగి, "ఇనబడ్డదా పెద్దమ్మా? మా కోడలు పేరుకు నాలుగు అర్థాలంట" అన్నది. ఎవరో ముసలామె కళ్లు తెరవకుండానే, "సల్లగుండని బిడ్డ" అన్నది.

చాలా చదువుకున్న వాళ్లయి ఉంటారన్న మేడం మాట కూడా చెప్పాను. మా మేనత్త పడీ పడీ నవ్వింది. తర్వాత ఆ మాటను నాతో ఇంకో రెండుసార్లు చెప్పించుకుంది.

అప్పటినుంచి ఆమెకు అదొక సరదా అయింది. పెళ్లిళ్ల ఫోటోగ్రాఫర్ ఒకాయన కన్ను చూపించుకోవడానికి వచ్చి, కెమెరాలో వెలుగును తగ్గించి పెంచే భాగాన్ని కూడా ఐరిస్ అంటారని చెప్పాడు. ఆ పూటే నాకు ఫోన్. "ఐదోది దొరికిందే!" ఒక డాక్టరమ్మ కశ్మీరు పోయొచ్చి అక్కడి తోటలో పూసిన ఐరిస్ పువ్వుల ఫోటో చూపించింది. దాంతో ఊరుకోలేదు. కళ్లద్దాల దుకాణం పిల్లగాడి ఫోన్లో ఆ మొక్క గడ్డలు తెప్పించి, దవాఖాన వెనక పగిలిన బకెట్లో నాటింది. మిర్యాలగూడ ఎండకు ఆ మొక్క ఏం పూస్తుంది? పచ్చగా, పొడుగ్గా ఆకులు మాత్రం వచ్చాయి. రెండేళ్లు బకెట్‌ను ఎండ వేళకు నీడలోకి, పొద్దుగూకే వేళకు బయటికి జరిపింది.

"పువ్వు రాలే గదా అత్తమ్మా" అన్నాను ఒకసారి.

"రాకుంటే ఏమాయె? ఆకులు సూడు, కత్తుల లెక్క ఎట్ల నిలబడ్డయో! పువ్వొక్కదానికే పెట్టిన్రా పేరు, చెట్టుకు గూడ పెట్టిన్రు."

మూడో ఎండాకాలం ఆ చెట్టు పోయింది. ఆమె బకెట్ కడిగి మళ్లీ నీళ్లకు పెట్టుకుంది.

నాకు కోదాడలో సంబంధం కుదిరింది. మా ఆయన వాళ్లమ్మ కొంచెం గట్టి మనిషి. లగ్నపత్రిక రాసుకునే రోజు అందరి ముందూ అడిగింది. "అమ్మాయిని ఇంట్లో ఏదో వేరే పేరుతో పిలుస్తున్నారంట కదండీ? మా చుట్టాలు వంద అడుగుతారు. పెళ్లి కార్డులో శిరీష అని ఒక్కటే వేయించండి." కార్డులో పక్కన చిన్నగా ఐరిస్ అని కూడా వేయించాలని నాన్న అనుకుని ఉన్నాడు, అక్క కోసం. ఆయన మా మేనత్త వైపు చూశాడు. నేను తల దించుకున్నాను.

"ఏయించున్రి వదినా, శిరీష అనే ఏయించున్రి" అన్నది మా మేనత్త వెంటనే. "పిలిసేటోళ్లు ఎట్లన్న పిలుస్తరు. కార్డు సదివి పిలుస్తరా ఎవలన్న?"

అందరూ నవ్వారు. ఆమె కూడా నవ్వింది. కానీ ఆ పూట భోజనాల దగ్గర విస్తట్లో సగం వదిలేసి లేవడం నేను చూశాను.

పెళ్లయిన రెండేళ్లకు మా ఆయన వాళ్లమ్మకు రెండు కళ్లకూ శుక్లాలు వచ్చాయి. ఆపరేషన్ అంటే వణికిపోయింది. కోదాడలో ఎవరు చెప్పినా వినలేదు. చివరికి మిర్యాలగూడ తీసుకుపోయాం. ఆ రోజు మా మేనత్త ఆమె పక్కనుంచి కదల్లేదు. గోడ మీది బొమ్మ చూపించి, "కత్తి గీడ పెడ్తరు, గిది తీస్తరు, గిది పెడ్తరు. అంతే వదినా. నువ్వు వంకాయ కోసేంత సేపు గూడ పట్టది" అని చెప్పిందట. ఆపరేషన్ గది తలుపు దాకా చెయ్యి పట్టుకునే ఉందట.

మరునాడు కట్టు విప్పారు. మా ఆయన వాళ్లమ్మ కన్ను చికిలించి, తెరిచి, ఎదురుగా నిలబడ్డ మా మేనత్తను పైనుంచి కిందికి చూసింది. "వదినా, మీ చీర నీలమా! నిన్నటిదాకా బూడిదరంగు అనుకున్నానండీ" అన్నది. తర్వాత వరండాలో ఉన్న నన్ను గట్టిగా పిలిచింది. "ఐరిస్! ఇటు రామ్మా ఒకసారి."

ఆ పిలుపు విని నేను వచ్చేసరికి మా మేనత్త మందుల ట్రే సర్దుతున్నట్టు అటు తిరిగి నిలబడి ఉంది. అప్పటి నుంచి కోదాడలో నన్ను ఆ పేరుతో పిలిచేది మా ఆయన వాళ్లమ్మ ఒక్కతే.

ఏళ్ల తరబడి ఫినాయిల్, సబ్బునీళ్లు, మందులు తగిలి మా మేనత్త వేళ్ల మీద గీతలు అరిగిపోయాయి. రేషన్ దుకాణంలో మిషను ఆమె వేలు పట్టేది కాదు. ఒక నెల డీలరు విసుక్కుని, ఇంకో మిషను తెచ్చి, "వేలు వద్దమ్మా, ఐరిస్ పెట్టు" అన్నాడట. ఆమె క్యూలోంచే నాకు ఫోన్ చేసింది. "నీ పేరు జెప్తే బియ్యం ఇస్తున్నరే! ఆరోది!" వెనకనుంచి డీలరు "అమ్మా, జర కన్ను తెరువు" అని మొత్తుకోవడం వినబడుతూనే ఉంది. ఆ రోజు ఎంత నవ్వామో ఇద్దరం!

చేతకాక పని మానేసినప్పటి నుంచి ఊళ్లో మా తమ్ముడి దగ్గరే ఉంది. మొన్న ఎండాకాలం సెలవుల్లో పోయి వారం రోజులున్నాను. ఒక మధ్యాహ్నం ఆమె కాళ్లకు నూనె రాస్తూ, ఇన్నేళ్లూ దాచుకున్నది చెప్పేశాను. "అత్తమ్మా, నా పేరు సారు మార్చలేదు. నేనే పోయి అడిగిన."

"నాకెరికే" అన్నది.

నేను నూనె గిన్నె పక్కన పెట్టాను.

"నువ్వు డిగ్రీల ఉండంగ మీ హెడ్మాస్టరు అద్దాల కోసం దవాఖానకొచ్చిండు. నేనే సుక్కలు ఏసిన. కండ్లు మూసుకుని కూసున్నప్పుడు అడిగిన, మా పిల్ల పేరెందుకు మార్చినవు సారూ అని. పాపం, నిజం జెప్పిండు."

"మరి నన్నెందుకు అడగలే?"

"ఏమడగాలె? పదిహేనేండ్లు ఆ పేరు నువ్వు మోసినవు గాని నేను మోసిన్నా? పెట్టిపోయిన నాకేం తెలుస్తది ఆ బరువు." కాలు నా ఒళ్లోంచి తీసుకుని, ఇంకో కాలు పెట్టింది. "గిదిగూడ రాయి. మోకాలు కాడ నొస్తుంది."

ఆ సోమవారం నేను కోదాడ నుంచి మిర్యాలగూడ, అక్కడినుంచి ఊరు చేరేసరికి వాకిట్లో జనం నిండి ఉన్నారు. కళ్లు తీసుకునే వాళ్లు అప్పటికే వచ్చి వాళ్ల పని ముగించారు. మా మేనత్త నేత్రదానానికి ఎప్పుడో సంతకం పెట్టి ఉంచింది. వచ్చిన టెక్నీషియన్ ఆమెతో కలిసి పనిచేసినవాడే. చేతులు కడుక్కుని నా దగ్గరికి వచ్చి, "మీరేనా మేడం, ఐరిస్?" అని అడిగాడు. అవునన్నాను.

"సంతకం పెట్టే రోజు అమ్మ నన్నొకటి అడిగింది మేడం. కండ్లిస్తే ఐరిస్ గూడ పోతదా అని. లేదమ్మా, ముందరున్న అద్దం లాంటి పొర ఒక్కటే తీసుకుంటం, ఐరిస్ ఎక్కడిదక్కడ్నే ఉంటది అని చెప్పిన. 'అయితే రాసుకో, నా ఐరిస్ నాతోనే ఉంటది' అని సంతకం పెట్టింది."

అతను ఇంకా ఏదో చెబుతున్నాడు. నేను లోపలికి పోయి ఆమె పక్కన కూర్చున్నాను. రెప్పలు చక్కగా మూసి ఉన్నాయి. నిద్రపోతున్న మనిషి మొహం ఎట్లా ఉంటుందో, అట్లాగే ఉంది.

దినాలకు మా తమ్ముడు ఫ్లెక్సీ వేయించాడు. మిర్యాలగూడ దుకాణం నుంచి ఫోన్ చేసి, "అక్కా, కింద అందరి పేర్లు రాపిస్తున్న. నీదెట్ల రాపియ్యాలె?" అని అడిగాడు. "అత్తమ్మ ఎట్ల పిలుస్తదో అట్లనే రాపియ్యి" అన్నాను. పక్కనుంచి మా ఆయన వాళ్లమ్మ, "ఇన్షియల్ కూడా వద్దని చెప్పు. పేరొక్కటే" అన్నది.

పదకొండో రోజు అయిపోయాక కోదాడ పోవడానికి రోడ్డు మీదికి వచ్చి నిలబడ్డాను. ఫ్లెక్సీని ఊరి మలుపు దగ్గర రెండు కర్రలకు కట్టారు. తెల్లారగట్ల వాన పడింది. వచ్చీపోయే లారీలు చిమ్మిన బురద కింది వరసల మీద పడి ఎండిపోయింది. నాట్లు వేసి తిరిగి వస్తున్న ఇద్దరు ఆడవాళ్లు దాని ముందు ఆగారు. పక్క ఊరి వాళ్లేమో, నన్ను ఎరగరు. ఒకామె మా మేనత్త ఫోటో చూసి, "గీమె నా కంట్ల ఊక తీసిందే" అన్నది. రెండో ఆమె వంగి కింది పేర్లు చదవడం మొదలుపెట్టింది. బురద కింద, నా పేరున్న ఆఖరి వరస కనబడలేదు. నడుముకు చెక్కిన తడి చెంగు లాగి, ఆ చోట మెల్లగా తుడిచింది. నేను ఎక్కిన బస్సు కదిలి మలుపు తిరిగేసరికి, ఆమె ఒక్కో అక్షరం మీదా వేలు పెట్టి పక్కామెకు చదివి వినిపిస్తోంది.